పట్టుబడిన బండికి పూచీ ఎవరు?



వకీళ్ళ పేరున స్మారకోపన్యాసాలు మామూలే. వకీలు గుమస్తా పేరున పెట్టడం అరుదు. ఈ స్మారకోపన్యాస నిధి ఏర్పాటు చేసిన కుటుంబం ఆహ్వాన పత్రం మీద ఆయన పేరు వెయ్యొద్దంది, ‘గుమస్తాగారు’ అని వేస్తే చాలంది. మంగళగిరి కోర్టు ఆవరణలో ఆయనకు ఇంకో పేరుందని చాలామందికి తెలియదు కూడా. ఆయన చేతిమీదుగా నడిచినవి పెద్ద దావాలు కావు. బెయిలు, ష్యూరిటీ, నకలు అర్జీ, బండి విడుదల పిటిషను. ఈ చివరిదాన్ని నేను ఈ రోజుకు ఎంచుకున్నాను. ఇసుక అక్రమంగా తరలిస్తూ పట్టుబడిన ట్రాక్టరునో టిప్పరునో, కేసు తేలేలోపు తాత్కాలికంగా యజమానికి అప్పగించమని అడిగే రెండు పేజీల కాగితం అది. న్యాయశాస్త్ర గ్రంథాల్లో దానికి పెద్ద చోటేమీ లేదు. మన దగ్గర మాత్రం ఇసుక కేసులో విచారణంతా ఆ రెండు పేజీల మీదే అయిపోతోంది, ఆ తర్వాత కేసు మొహం చూసేవాళ్ళు ఉండటం లేదు. నా ఫిర్యాదు అదే. ముందే చెప్పేస్తే మీరు తీరిగ్గా వినొచ్చు.

మొదట ఏటి సంగతి. మనకు ఉత్తరాన కృష్ణ. బ్యారేజీకి పైన ఉండవల్లి, పెనుమాక, వెంకటపాలెం, రాయపూడి. దిగువన గుండిమెడ, చిర్రావూరు, ఇంకా కిందికి పోతే కొల్లిపర మండలం ఊళ్ళు. శ్రీశైలం, 1967లో నీళ్ళు వదిలిన నాగార్జునసాగర్, మొన్నమొన్నటి పులిచింతల, 1855 నాటి ఆనకట్ట స్థానంలో 1957లో లేచిన ప్రకాశం బ్యారేజీ, ఇన్ని గోడలు దాటుకుని కిందికి కొత్తగా చేరే ఇసుక కొద్ది. ఉన్నదాన్నే తవ్వుకుంటున్నాం. వాడకం చూస్తే ఆగేది కాదు. మనది నల్లరేగడి నేల. వానకు ఉబ్బుతుంది, ఎండకు నెర్రెలిస్తుంది. పునాది గోతిలో, బేస్‌మెంటులో ఇసుక పోయకుండా ఇల్లు లేపితే రెండో వేసవికే గోడ చీలుతుంది. ఆపైన రాజధాని వచ్చింది. 2015 అక్టోబరులో ఉద్దండరాయునిపాలెంలో శంకుస్థాపన జరిగిన నాటినుంచి కరకట్ట రోడ్డు మీద టిప్పర్ల మోత మొదలైంది. నిర్మాణాలు ఆగినప్పుడు తగ్గింది, మళ్ళీ మొదలవగానే పెరిగింది. ప్రపంచం మొత్తం ఏటా వాడే ఇసుక, కంకర కలిపితే 5,000 కోట్ల టన్నులని ఐక్యరాజ్యసమితి పర్యావరణ విభాగం 2022లో చెప్పింది. అందులో మన గుండిమెడ వాటా ఎంతో ఎవరూ లెక్కకట్టలేదు గానీ, ఒడ్డున బోర్లున్న రైతులకు నీటిమట్టం రూపంలో అది తెలుస్తూనే ఉంది.

ఇక ట్రాక్టరు. దుగ్గిరాల, పెదకాకాని, తాడికొండ వైపు రైతు ఇంట్లో ట్రాక్టరుకు ఏడాదంతా పని ఉండదు. దుక్కి అయిపోయాక పత్తి బోరాలు, ఆ తర్వాత గుంటూరు యార్డుకు మిర్చి టిక్కీలు. ఏప్రిల్ దాటితే ఇంజను ఖాళీ. ఫైనాన్సు కంపెనీ కిస్తీకి మాత్రం సెలవు లేదు. సరిగ్గా ఆ నెలల్లోనే ఏరు ఎండి ఇసుక మేటలు బయటపడతాయి. ఇసుక తోలేవాళ్ళంతా మాఫియా అని రాసేసే మిత్రులు ఈ రెండు క్యాలెండర్లనూ పక్కపక్కన పెట్టి చూడాలి. మాఫియా లేదని అనడం లేదు. అది ఉంది, దాని దగ్గర పొక్లెయిన్లున్నాయి. కానీ రాత్రి పన్నెండు దాటాక కరకట్ట మీద ఆగేది ఎక్కువగా ఆ ఖాళీ ట్రాక్టరే.

పైగా ఏది అక్రమమో ఏది సక్రమమో డ్రైవరుకు తెలిసేలోపే ప్రభుత్వ విధానం మారిపోతూ వచ్చింది. 2014లో డ్వాక్రా సంఘాలకు రీచ్‌లు, అంటే ఏటిలో ఇసుక తవ్వే చోట్లు, ఇచ్చారు. 2016లో ఇసుక ఉచితమన్నారు. 2019 సెప్టెంబరులో ఖనిజాభివృద్ధి సంస్థ ద్వారా, ఆన్‌లైన్‌లో డబ్బు కట్టి తీసుకోమన్నారు. 2021లో ఒక ప్రైవేటు కంపెనీకి అప్పగించారు. 2024 జులైలో మళ్ళీ ఉచితం, ఆ అక్టోబరులో స్థానిక అవసరాలకు ట్రాక్టర్లకూ వెసులుబాటు. నిరుడు నేరమైన పని ఈ ఏడు కాదు, ఈ ఏడు కానిది వచ్చే ఏడు ఏమవుతుందో తెలియదు. మధ్యలో 2020 మేలో మద్యానికీ ఇసుకకూ కలిపి స్పెషల్ ఎన్‌ఫోర్స్‌మెంట్ బ్యూరో పుట్టింది, 2024లో పోయింది. అది పట్టుకున్న కేసుల కట్టలు మాత్రం కోర్టుల్లోనే ఉన్నాయి.

బండి ఆగిన చోటినుంచి చూద్దాం. వే బిల్లు అడుగుతారు. లేదు, లేదా నిన్నటిది ఉంది. ఇద్దరు మధ్యవర్తులను పిలిచి నివేదిక రాస్తారు, బండిని స్టేషనుకు తోలిస్తారు. ఎఫ్‌ఐఆర్‌లో రెండు చట్టాలు కలిసి పడతాయి. ఒకటి దొంగతనం, ఎందుకంటే ఏటిలో ఇసుక ప్రభుత్వ సొత్తు. పాత శిక్షాస్మృతి 379, ఇప్పుడు భారతీయ న్యాయ సంహిత 303. రెండోది 1957 నాటి గనులు, ఖనిజాల చట్టం. అందులో 4(1ఎ) అనుమతి లేని రవాణాను నిషేధిస్తుంది, 21(1) ఐదేళ్ళ దాకా జైలు, హెక్టారుకు 5 లక్షల దాకా జరిమానా అంటుంది. ఈ రెండూ ఒకే బండి మీద నడవొచ్చునా అన్న సందేహాన్ని సుప్రీంకోర్టు 2014లో ఢిల్లీ ప్రభుత్వం వర్సెస్ సంజయ్ కేసులో తీర్చేసింది. నడవొచ్చు, రెండూ వేర్వేరు నేరాలు. 2020 డిసెంబరులో జయంత్ కేసులో ఇంకో ముడి కూడా విప్పింది. గనుల శాఖలో జరిమానా కట్టి రాజీ చేసుకున్నా దొంగతనం కేసు మిగిలే ఉంటుంది. ఈ సంగతి తెలియని యజమాని మైనింగ్ అసిస్టెంట్ డైరెక్టర్ (ఏడీ) ఆఫీసు రసీదు పట్టుకుని స్టేషనుకు వెళ్ళి, అక్కడినుంచి మన దగ్గరికి వస్తాడు. “డబ్బు కట్టేశానండీ, మరి బండి ఎప్పటికి బయటికొచ్చిద్దండీ?” ఈ ప్రశ్న వినని వకీలు మంగళగిరిలో లేడు.

దానికి జవాబు చట్టంలో ఉంది. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో 451, 457 సెక్షన్లు. 2024 జులై 1 నుంచి నాగరిక్ సురక్షా సంహితలో 497, 503. సొత్తు కోర్టు ముందుకు వస్తే మొదటిది, పట్టుకున్నామన్న నివేదిక మాత్రమే వస్తే రెండోది. సుప్రీంకోర్టు 2002 అక్టోబరు 1న సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో చెప్పినదాన్ని మనవాళ్ళు ప్రతి పిటిషనులోనూ వేస్తారు, కానీ ఆ కేసు ఎలా పుట్టిందో చదవరు. గుజరాత్‌లో పోలీసు స్టేషనులో భద్రపరిచిన సొత్తును అక్కడి సిబ్బందే మార్చేశారనీ కాజేశారనీ వచ్చిన ఆరోపణ నుంచి పుట్టింది. స్టేషను గోదాము భద్రమైన చోటు కాదన్న అనుభవంలోంచే ఆ తీర్పు వచ్చింది. బండ్లను ఏళ్ళ తరబడి స్టేషన్లలో ఉంచి లాభం లేదు, పంచనామా రాసి, ఫొటోలు తీసి, బాండు, జామీను తీసుకుని వెంటనే తేల్చండి అని దాని సారం. ఎనిమిదేళ్ళ తర్వాత, 2010లో, జనరల్ ఇన్సూరెన్స్ కౌన్సిల్ మన రాష్ట్రాన్నే మొదటి ప్రతివాదిగా చేర్చి వేసిన కేసులో ఇదే మాట మళ్ళీ చెప్పాల్సి వచ్చింది. మళ్ళీ చెప్పాల్సి వచ్చిందంటే మొదటిసారి ఎవరూ వినలేదనే కదా అర్థం.

కొత్త సురక్షా సంహిత దీన్ని గడువుల్లో బిగించింది. సొత్తు హాజరుపరిచిన 14 రోజుల్లో కోర్టు దాని వివరణ తయారుచేయాలి, ఫొటోలు, అవసరమైతే వీడియో తీయించాలి. ఆ తర్వాత 30 రోజుల్లో దాన్ని ఏం చేయాలో ఉత్తర్వు ఇవ్వాలి. ఆ ఫొటోలే విచారణలో సాక్ష్యం. అంటే తీర్పు దాకా బండి ఎదురుగా నిలబడాలన్న అవసరాన్ని చట్టమే తీసేసింది. అసలు కోర్టు దాకా రానక్కరలేకుండానే, దర్యాప్తుకు ఇక అక్కర్లేదనుకుంటే పోలీసు అధికారే బాండు మీద బండిని అప్పగించే వీలు సెక్షన్ 106లో ఉంది, పాత 102లోనూ ఉండేది. ఇసుక బండి విషయంలో ఆ వీలును వాడిన అధికారిని నేను చూడలేదు. వాళ్ళను తప్పుపట్టను. వదిలేస్తే రేపు వార్త అవుతుంది, కోర్టు వదిలితే ఎవరి తప్పూ కాదు.

ఇంతవరకూ విన్నవాళ్ళు నేను బండ్ల పక్షమనుకుంటారు. కొంతకాలం అసిస్టెంట్ పబ్లిక్ ప్రాసిక్యూటరు (ఏపీపీ)గా అటువైపు కూడా నిలబడ్డాను కాబట్టి అవతలి వాదన బలం తెలుసు. ఐదు హెక్టార్లలోపు రీచ్‌లకైనా పర్యావరణ అనుమతి తప్పనిసరని 2012 ఫిబ్రవరిలో దీపక్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు అనాల్సి వచ్చింది. కృష్ణలో అక్రమ తవ్వకాలను ఆపలేదని 2019 ఏప్రిల్ 4న జాతీయ హరిత ట్రైబ్యునల్ మన రాష్ట్రాన్ని 100 కోట్లు జమ చేయమంది. ఆ ఫిర్యాదులో ఉన్న ఏరు మన కోర్టు మేడ మీదినుంచి దాదాపు కనిపించేంత దగ్గర. వదిలిన బండే మళ్ళీ రీచ్‌లో దొరికితే బాండు కాస్తా వ్యాపార ఖర్చుల్లో ఒక పద్దు అవుతుంది. ఈ కోపంతోనే 2018 అక్టోబరులో మద్రాసు హైకోర్టు మదురై ధర్మాసనం, ఇసుక బండ్లను తిరిగి ఇవ్వనే వద్దు, జప్తుకే పంపండి అంది. కేరళ 2001లోనే నదీ తీరాల రక్షణకు ప్రత్యేక చట్టం తెచ్చి బండి జప్తు అధికారాన్ని చేర్చింది. హరిత ట్రైబ్యునల్ ఒక దశలో, బండి షోరూం ధరలో సగం కడితేనే వదలాలంది. మన పానకాల స్వామి పోసిన పానకంలో సగం పుచ్చుకుని సగం వెనక్కి ఇస్తాడు, ట్రైబ్యునల్ సగం పుచ్చుకుని బండి ఇమ్మంది. పాత ట్రాక్టరుకు షోరూం ధరలో సగమంటే దాని అమ్మకం ధర కన్నా ఎక్కువని తర్వాత గ్రహించి, బండి వయసును బట్టి రెండు నుంచి నాలుగు లక్షలకు దించింది. అదైనా కిస్తీల మీద నడిచే ఇంటికి తక్కువ మొత్తం కాదు.

అడవి బండి సంగతి వేరే. అటవీ చట్టం కింద జప్తు చర్య మొదలైందని తెలియజేస్తే మేజిస్ట్రేటు చేయి వేయడానికి లేదని 2019లో మధ్యప్రదేశ్ వర్సెస్ ఉదయ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అక్కడా చంబల్ ఏటి ఇసుకే, ట్రాక్టరే. ఏపీపీలు ఈ తీర్పును మన పిటిషన్లలోనూ చదువుతారు. చదివినప్పుడు అడగాల్సిన ప్రశ్న ఒకటే. ఆ చట్టంలో జప్తు చేసేది అటవీ అధికారి. మన కేసులో ఎవరు?

విషయమంతా ఈ ప్రశ్నలోనే ఉంది. గనుల చట్టం 21(4ఎ) ప్రకారం బండిని జప్తు చేసేది ఆ నేరాన్ని విచారణకు తీసుకోగల కోర్టు. తహసీల్దారు కాదు, ఎస్సై కాదు, ఏడీ కాదు. కోర్టు ఆ నేరాన్ని విచారణకు తీసుకోవాలంటే సెక్షన్ 22 ప్రకారం ప్రభుత్వం అధికారమిచ్చిన అధికారి రాతపూర్వక ఫిర్యాదు కావాలి. పోలీసు చార్జిషీటు దొంగతనానికి సరిపోతుంది, దీనికి సరిపోదు. ఆ ఫిర్యాదు రాకపోతే 21(4ఎ) తలుపు తెరుచుకోదు, జప్తు అన్న మాటే రాదు. ఇన్ని బండ్లు పట్టుకుని, ఇన్ని విడుదల పిటిషన్లకు అభ్యంతర కౌంటర్లు వేసి, ‘నదీ పర్యావరణానికి తీవ్ర నష్టం’ అని ప్రతి కౌంటరులో టైపు చేయించి, ఆ ఒక్క ఫిర్యాదు వేయకపోతే పట్టుకున్నది దేనికి? పట్టుకున్న రాత్రి ఫొటో పేపర్లో వస్తుంది. ఫిర్యాదు వేసిన రోజు ఎవరూ ఫొటో తీయరు.

ఫలితం ఏమవుతోందంటే, శిక్ష తీర్పుకు ముందే పడుతోంది, తీర్పు తర్వాత ఏమీ ఉండటం లేదు. చిన్నవాడి ట్రాక్టరు ఒక వానాకాలం స్టేషను ఆవరణలో నానితే బ్యాటరీ పోతుంది, టైర్లు పగుళ్ళిస్తాయి, డీజిలు పైపులు ఎలుకల పాలవుతాయి. పత్తి దుక్కి సమయం దాటిపోతుంది. కిస్తీ తప్పుతుంది, ఫైనాన్సు వాళ్ళు తమకూ హక్కుందంటూ వేరే పిటిషను వేస్తారు. పది టిప్పర్లున్నవాడికి ఒకటి ఆగితే తొమ్మిది తిరుగుతాయి, వాడు హైకోర్టుకు వెళ్ళడానికీ నేలపాడు దగ్గరే. ఒకే ఉత్తర్వు ఒకడికి ఇల్లు కూల్చే దెబ్బ, ఇంకొకడికి చలానా. అందుకే ఇవ్వాలా వద్దా అన్న ఒక్క ప్రశ్నతో ఈ పిటిషన్లను తేల్చడం నాకు నచ్చదు. మొదటిసారి పట్టుబడిన బండిని త్వరగా, గట్టి షరతులతో ఇచ్చేయాలి. రెండోసారి దొరికిన బండిని ఇవ్వకూడదు, దాని మీద సెక్షన్ 22 ఫిర్యాదు వేయించి జప్తు విచారణ నడపాలి. రెండోసారి అని తెలియడం ఎలా అంటారు. కాజ టోల్‌గేటు కెమెరా బండి నంబరు గుర్తుపడుతున్న రోజుల్లో, పక్క స్టేషనులో అదే ఇంజను నంబరు మీద క్రైమ్ ఉందో లేదో కోర్టుకు చెప్పలేమనడం నమ్మేలా లేదు.

షరతుల గురించి కొంచెం చెప్పాలి, ఎందుకంటే గుమస్తాగారి ప్రాణం అక్కడే ఉండేది. మన ఉత్తర్వుల్లో అలవాటుగా పడే షరతులు నాలుగైదు. అమ్మకూడదు, రంగు మార్చకూడదు, పిలిస్తే హాజరుపరచాలి, మళ్ళీ ఇలాంటి నేరానికి వాడకూడదు. వీటిలో చివరిదాన్ని ఎవరు కనిపెడతారు? జీపీఎస్ పరికరం పెట్టించి, దాని రికార్డు అడిగినప్పుడు ఇవ్వాలని రాస్తే ఆ షరతుకు పని ఉంటుంది. బాండు మొత్తం బండి నేటి ధరకు తగ్గట్టు ఉండాలి గానీ కొత్త బండి ధరకు కాదు. నగదు డిపాజిట్ అడిగితే దాన్ని తెచ్చేది ఎవరో మనకు తెలుసు, నూటికి నెలకు ఇంత అని అప్పిచ్చేవాడు. ఇద్దరు జామీనుదారులు, ఇంటి పన్ను రసీదులు, ఆధార్ నకళ్ళు, తహసీల్దారు ఇచ్చే సాల్వెన్సీ పత్రం. వీటికోసం కోర్టు గేటు దగ్గర కూలికి దొరికే జామీనుదారుల సంగతి నేను చెబితే మీరు నవ్వుతారు, ఈ సభలో వాళ్ళు కూడా ఉండొచ్చు.

ఇక కాగితాలు. గుమస్తాగారు ఆర్సీ చూడకుండా వకాల్తా మీద సంతకం పెట్టించేవారు కాదు. అందులో పేరున్నవాళ్ళే మొదట అడగాలి. మన పల్లెల్లో ట్రాక్టరు చేతులు మారేది పదిరూపాయల స్టాంపు కాగితం మీద. ఆర్సీ మాత్రం అమ్మినవాడి పేరునే ఉండిపోతుంది, అతను ఈలోగా హైదరాబాదులో ఉంటాడు. అలాంటప్పుడు కొన్నవాడి పిటిషనుకు అతని అఫిడవిట్టు జత చేయించడం తప్ప దారి లేదు, ఆ అఫిడవిట్టుకూ ఒక ధర ఉంటుంది. ఇంకో తిప్పలు ట్రక్కుతో. ఇంజనుకు ఒక నంబరు, వెనక తగిలించే ట్రక్కుకు వేరే నంబరు ఉండాలి. చాలా ట్రక్కులు తెనాలిలోనో గుంటూరులోనో షెడ్డులో చేయించినవి, రిజిస్ట్రేషను లేనివి. ఇంజను విడుదలై ట్రక్కు ఉండిపోయిన ఉత్తర్వులు ఉన్నాయి. వ్యవసాయానికని చేయించిన ఇన్సూరెన్సు అద్దె తోలకానికి చెల్లదు. అది ఏపీపీకి దొరికితే ఇంకో అభ్యంతరం. హైపోథికేషను ఉంటే ఫైనాన్సు కంపెనీకి నోటీసు వెళ్ళాలి. ఇవన్నీ ముందే సరిచూసుకుంటే పిటిషను ఒక వాయిదాలో తేలుతుంది, లేకుంటే ఒక్కో లోపానికి ఒక్కో వాయిదా.

పిటిషను కొట్టేస్తే ఎటు? సెషన్స్ కోర్టులో రివిజను అంటే అది మధ్యంతర ఉత్తర్వు, రివిజను పడదని అవతలివాళ్ళు అంటారు. పడుతుందని మనం అంటాం. ఈ వాదన తేలేలోపు బండి అక్కడే ఉంటుంది కాబట్టి చాలామంది సురక్షా సంహితలోని 528 కింద నేరుగా హైకోర్టుకు వెళ్తున్నారు. ఒక ట్రాక్టరు కోసం రాష్ట్ర హైకోర్టు సమయం ఖర్చవడం ఎవరికీ గర్వకారణం కాదు. కింది కోర్టు ఉత్తర్వులో కారణాలు రెండు వాక్యాలు ఎక్కువ రాస్తే ఇందులో సగం ఆగుతుంది.

చివరగా ఇసుక. ఇంతసేపూ బండి గురించే మాట్లాడాం, మన కేసు కట్టల్లో కూడా అంతే. మధ్యవర్తుల నివేదికలో బండి ఇంజను నంబరు, ఛాసిస్ నంబరు, టైర్ల స్థితి అన్నీ ఉంటాయి. ఇసుక దగ్గరకొచ్చేసరికి ‘సుమారు ఒక ట్రక్కు ఇసుక’. ఎన్ని ఘనపు మీటర్లు, ఎంత విలువ, ఏ రీచ్‌ది, ఉండదు. ఇది చిన్న లోటు కాదు. న్యాయ సంహిత 303 కింద 5,000 రూపాయల లోపు దొంగతనంలో, మొదటిసారి శిక్ష పడినవాడు సొత్తు తిరిగి ఇస్తే శిక్ష సమాజ సేవ. సురక్షా సంహిత షెడ్యూలులో అలాంటి చోరీని పోలీసు నేరుగా దర్యాప్తు చేయగల నేరాల్లోంచి తప్పించారు కూడా. ట్రాక్టరు ఇసుక చాలాసార్లు ఆ గీతకు కిందే ఉంటుంది. అప్పుడు దొంగతనం కేసు కాళ్ళ మీద నిలబడేది ఎలా, మిగిలిన బరువంతా గనుల చట్టం మీద పడితే సెక్షన్ 22 ఫిర్యాదు ఎక్కడ అన్న ప్రశ్న విడుదల పిటిషను రోజే లేవాలి. అది డిఫెన్సు వాళ్ళకే కాదు, ప్రాసిక్యూషనుకూ అవసరం. 21(5) కింద ఇసుక ధర వసూలు చేయాలన్నా కొలత ఉండాలి కదా. బండిని అప్పగించే ముందు లోడు దించి, కొలిచి, ఎక్కడ పోశారో, ఎవరికి అప్పగించారో రాయించాలి. స్టేషను ఆవరణలో పోసిన ఇసుక వానకు తగ్గిందని రాసిన రిపోర్టు నేను చదివాను.

జూనియర్లు రేపటినుంచి బండి పిటిషను దాఖలు చేసేటప్పుడు ఆర్సీ, ఇన్సూరెన్సుతో పాటు ఇసుక కొలత నకలు ఇప్పించమని ఒక పేరా కలపండి, సెక్షన్ 22 ఫిర్యాదు దాఖలైందా లేదా అని ఇంకో పేరా. ఏపీపీగారు అభ్యంతరం చెబితే చెప్పనివ్వండి. అది ఉత్తర్వులో నమోదవుతుంది, పై కోర్టులో పనికొస్తుంది.